మేత బయలు లేకుంటే జీవామృతం ఎక్కడిది? రోళ్లపాడు గడ్డి నేలలు, జానంపేట రాకాసి గుళ్లు చూసి నేర్చుకున్న పాఠం



ఈసారి వీడియో పొలంలో తీసింది కాదు. సగం నంద్యాల జిల్లా రోళ్లపాడులో, సగం మా గోదావరికి అవతలి ఒడ్డున పినపాక మండలం జానంపేటలో తీశాను. వీడియో పెట్టగానే ఇద్దరు ముగ్గురు ఫోన్ చేశారు. "తమ్ముడూ, నువ్వు జీవామృతం, కషాయాలు చెప్పేవాడివి, పిట్టలూ సమాధులూ నీకెందుకు?" అని. వీడియోలో చెప్పడానికి టైం చాలలేదు కాబట్టి ఇక్కడ కాస్త తీరిగ్గా రాస్తున్నా.

జీవామృతం లెక్క మీకందరికీ నోటికి వచ్చిందే. 200 లీటర్ల నీళ్లు, 10 కిలోల పేడ, 5 నుంచి 10 లీటర్ల మూత్రం, 2 కిలోల బెల్లం, 2 కిలోల పప్పు పిండి, గుప్పెడు మట్టి. ఎకరానికి ఒక డ్రమ్ము. బెల్లం అంగట్లో దొరుకుతుంది, పిండి మర పట్టించుకుంటాం. పేడ, మూత్రం నాటు ఆవు ఇవ్వాలి. ఆ గుప్పెడు మట్టి మందు పడని, దున్నని నేల నుంచి రావాలి. ఆవుకు మేత, మనకు మందు పడని మట్టి, రెండూ ఒకేచోట దొరికేది ఊరి మేత బయల్లోనే. ఆవును కొట్టంలో కట్టేసి కొన్న గడ్డి, కొన్న దాణా పెడితే పది కిలోల పేడ ఖరీదు ఎంతవుతుందో ఒక్కసారి కాగితం మీద వేసి చూడండి. పెట్టుబడి లేని వ్యవసాయం అన్న మాట అక్కడే ఆగిపోతుంది.

నాకు ఇందులో స్వార్థం కూడా ఉంది, దాచను. నేను ఘన జీవామృతం తయారు చేసి అమ్ముతా. దానికి పేడ మా ఊరి మంద నుంచే వస్తుంది. ఇప్పుడు మా ఊళ్లో మేత బయలును తోటకు ఇద్దామన్న మాట నడుస్తోంది. పామాయిల్ అని కొందరు, జామాయిల్ అని కొందరు. "ఖాళీగా ఉన్న నేల" అంటున్నారు. ఆ ఖాళీ అన్న మాట దగ్గరే నా అభ్యంతరం.

బంజరు అని ఎవరన్నారు?

మన పెద్దవాళ్ల భాషలో ఈ నేలలకు ఎన్ని పేర్లున్నాయో చూడండి. మందబయలు, పసుల బయలు, బీడు. నిజాం ఏలిన వైపు గైరాన్, బంచరాయి, కంచ. మా భద్రాచలం వైపు నిజాం పాలన కాదు. ఇది 1874లో మధ్య పరగణాల నుంచి మద్రాసు రాష్ట్రంలోకి వచ్చింది, 1959 దాకా తూర్పు గోదావరిలో ఉండి ఆ తర్వాత ఖమ్మంలో కలిసింది. అందుకే మా దగ్గర పాత కాగితాల్లో మేత పోరంబోకు అన్న మాట కనబడుతుంది, గోదావరి దాటితే అదే నేల గైరాన్ అవుతుంది. పేరు ఏదైనా పని ఒక్కటే, ఊరందరి గొడ్లు మేసే చోటు.

పన్ను రాని నేల అంటే పనికిరాని నేల అని తెల్లదొరల రెవెన్యూ లెక్క. ఆ లెక్క ఇప్పటికీ పోలేదు. దేశం మొత్తానికి వేసిన వేస్ట్‌ల్యాండ్ అట్లాస్‌లో ఎన్నో గడ్డి నేలలు బంజరు కిందే ఉన్నాయి. అడవిని నరికితే అడిగేవాడు ఉన్నాడు, గడ్డిని దున్నితే 'అభివృద్ధి చేశాడు' అంటారు. 2025 ఏప్రిల్‌లో కంచ గచ్చిబౌలి 400 ఎకరాల గొడవ సుప్రీంకోర్టు దాకా పోయినప్పుడు టీవీల్లో చెట్లు, జింకలు, నెమళ్లు చూపించారు. ఆ పేరులోని 'కంచ' అంటే మేత నేల అని చెప్పినవాళ్లు తక్కువ.

రోళ్లపాడులో ఏం జరిగింది

నందికొట్కూరు దాటి మిడ్తూరు మండలంలోకి పోతే రోళ్లపాడు వస్తుంది. చెట్టు పెద్దగా కనబడదు. నడుం దాకా గడ్డి, గాలికి అలలాగా వంగుతూ ఉంటుంది. బట్టలకు గుచ్చుకునే పందిముళ్ళ గడ్డి ఎక్కువ, వీడియోలో నా ప్యాంటు చూసే ఉంటారు. 1970ల చివర, 80ల మొదట్లో ఇక్కడ బట్టమేక పిట్టలు ఉన్నాయని బయటి ప్రపంచానికి తెలిసింది. బొంబాయి నేచురల్ హిస్టరీ సొసైటీ వాళ్లు ఇక్కడ మకాం పెట్టి ఏళ్ల తరబడి చదివారు. 1988లో 614 హెక్టార్లను, అంటే సుమారు 1,500 ఎకరాలను అభయారణ్యం చేశారు. అప్పట్లో కర్నూలు జిల్లా, 2022 నుంచి నంద్యాల జిల్లా.

బట్టమేక పిట్ట తెలియనివాళ్లకు: మీటరు ఎత్తు, మగది 15 కిలోల దాకా తూగే పక్షి. ఎగరగలిగిన పక్షుల్లో ఇంత బరువున్నవి లోకంలో చాలా తక్కువ. గూడు కట్టదు. వానాకాలంలో నేల మీదే గుడ్డు పెడుతుంది, మామూలుగా ఏడాదికి ఒక్కటే. ఆ ఒక్క గుడ్డు మీద గొడ్డు కాలు పడ్డా, కుక్క ముట్టినా ఆ ఏడు అంతే. మిడతలు, పేడపురుగులు, బల్లులు, రేగుపళ్లు, గింజలు, ఏది దొరికితే అది తింటుంది. ఇప్పుడు దేశం మొత్తంలో 150 లోపే మిగిలాయని అంటారు, ఎక్కువ భాగం రాజస్థాన్ జైసల్మేర్ వైపు. రోళ్లపాడులో దాన్ని చూడటం ఇప్పుడు గగనం. నేను చూడలేదు. పిట్ట పేరు మీద పెట్టిన అభయారణ్యంలో పిట్ట లేదు.

కాపలా లేకనా? కాపలా ఉంది. గడ్డి లేకనా? గడ్డీ ఉంది. మన రైతులు వినాల్సింది ఇక్కడే.

బట్టమేకకు 1,500 ఎకరాలు సరిపోవు. గుడ్డు పెట్టడానికి గడ్డి బయలు కావాలి, తిరిగి మేయడానికి చుట్టూ ఉన్న పొలాలు కావాలి. ఆ పొలాలు అప్పుడు మెట్ట పొలాలు. జొన్న, కొర్ర, వేరుశెనగ, మధ్యమధ్య బీడు వదిలిన చెల్కలు. ఎరువు అంటే గొర్రెల మంద కట్టించడమే. పురుగుమందు కొట్టేంత పెట్టుబడి మెట్ట రైతుకు లేదు. దాంతో పొలాల్లో మిడతలూ పేడపురుగులూ ఉండేవి, పిట్టకు తిండి ఉండేది. అంటే ఆ రైతులు ఎవరూ చెప్పకుండానే పిట్టను పోషించారు. తర్వాత కాలువ నీళ్లొచ్చాయి, పక్కనే అలగనూరు రిజర్వాయరు వచ్చింది. పంటలు మారాయి, ఏడాది పొడవునా పొలంలో మనుషులు, మోటార్లు, మందులు. నీళ్లు వచ్చినందుకు రైతును తప్పు పట్టలేం. రాయలసీమ రైతు నీళ్లు వద్దంటాడా? కానీ పిట్ట లెక్కలో గడ్డి బయలు చుట్టూ ఉన్న ప్రపంచం మారిపోయింది.

రెండో సంగతి జింకలు. కృష్ణ జింకకు రక్షణ దొరికింది, మంద పెరిగింది. అభయారణ్యానికి కంచె ఉన్నా జింకకు లెక్కేముంది? పగలు గడ్డిలో, రాత్రి వేరుశెనగలో. కృష్ణ జింక ఆంధ్రప్రదేశ్ రాష్ట్ర జంతువు, 1972 వన్యప్రాణి చట్టంలో మొదటి షెడ్యూలులో ఉంది. ముట్టుకుంటే కేసు. అక్కడ ఒక రైతు నాతో అన్నాడు: "పిట్టను చూడనీకి మీరొస్తారు, జింకకు మేపేది మేము." ఇందులో అబద్ధం ఏముంది? మా వైపు అడవి పందితో మేం పడేదీ ఇదే కాబట్టి నాకు వెంటనే ఎక్కింది.

ఇలాంటిదే ఇంకొకటి. మధ్యప్రదేశ్ శివపురి జిల్లాలో కరేరా అని, 1981లో బట్టమేక కోసమే అభయారణ్యం చేశారు. దాని హద్దుల్లో రైతుల సొంత భూములు, ఊళ్లు కలిసిపోయాయి. భూమి అమ్ముకోవాలంటే అడ్డంకులు, జింకలు పంట మీద పడటం, జనానికి కడుపు మంట. కొన్నేళ్లకు అక్కడ పిట్టే లేకుండా పోయింది. ఊరిని పక్కన పెట్టి కాగితం మీద గీసిన గీత ఏ పిట్టనూ కాపాడదని నా అభిప్రాయం. కాదనేవాళ్లు ఉంటే చెప్పండి, వింటాను.

అట్లని రోళ్లపాడు వట్టిపోయింది అనుకోకండి. తోడేళ్లు, నక్కలు, జంగపిల్లులు ఉన్నాయి. చలికాలం సాయంత్రం పూట పిల్లిగద్దలు దిగే దృశ్యం కోసం మళ్లీ పోవాలని ఉంది. మధ్య ఆసియా వైపు నుంచి వచ్చే వలస గద్దలు ఇవి. పగలంతా పొలాల మీద తక్కువ ఎత్తులో తేలుతూ మిడతలను, ఎలుకలను పట్టుకుంటాయి, పొద్దుగూకగానే గడ్డిలో నేల మీదే పడుకుంటాయి. చెట్టు మీద పడుకోవు. పొలంలో ఎలుకల కోసం 'టి' ఆకారం కర్రలు పాతమని మనం చెప్తాం కదా, ఆ కర్ర మీద వాలే పిట్ట వేరు, ఇది వేరు. దీనికి రాత్రి పడకకు గడ్డి కావాలి. గడ్డి బయలు పోతే చుట్టుపక్కల పొలాలకు పనిచేసే ఈ జీతం లేని పాలేరు కూడా పోతాడు. వానాకాలంలో నేల నెమలి కూడా ఇక్కడ కనిపించేది, మగది గడ్డి పైకి ఎగిరి ఎగిరి దూకుతూ ఆడదాన్ని పిలుస్తుంది. అదీ ఇప్పుడు అరుదే.

జానంపేట: గడ్డి కాపాడిన సమాధులు

మా దుమ్ముగూడెం నుంచి జానంపేట గోదావరికి అడ్డంగా చూస్తే దూరం కాదు. రోడ్డు మీద అయితే భద్రాచలం వంతెన దాటి, అశ్వాపురం, మణుగూరు మీదుగా చుట్టి పోవాలి. అక్కడ పెద్ద రాళ్లను గుండ్రంగా పేర్చి, మధ్యలో బండలతో గది కట్టి, పైన పెద్ద పలక కప్పిన సమాధులు ఉన్నాయి. గది లోపల కొన్నిట్లో ఒకే ఇసుకరాతిని తొలిచిన తొట్టి ఉంటుంది, అచ్చం మనం గొడ్లకు నీళ్లు పెట్టే రాతి కుడితి తొట్టిలాగే. ఇనుము వాడకం మొదలైన కాలం నాటివి, రెండు మూడు వేల ఏళ్ల కిందటివి. జనం రాకాసి గుళ్లు అంటారు. కేంద్ర పురావస్తు శాఖ రక్షణ జాబితాలో జానంపేట ఉంది.

ఇవి ఈ ఒక్కచోటే కాదు. ములుగు జిల్లా తాడ్వాయి మండలం దామరవాయి దాకా ఈ అడవుల్లో ఇలాంటివి చాలా ఉన్నాయి. హైదరాబాద్ విశ్వవిద్యాలయం ప్రొఫెసర్ కె.పి. రావు గారు వీటి మీద చాలా పని చేశారు. ఇంగ్లీషు సర్వే వాళ్లు 19వ శతాబ్దంలో ఈ వైపు తిరిగినప్పుడు కొన్ని నిలువురాళ్లను చూసి శిలువలు అనుకున్నారు. నిజానికి అవి చేతులు, తల ఉన్న మనిషి ఆకారాలు.

ఇక్కడ రైతుకు పనికొచ్చే సంగతి ఏమిటంటే, ఇన్ని వేల ఏళ్లు ఇవి నిలబడటానికి ఒక కారణం ఇవి ఉన్న నేల దున్నకపోవడం. రాతి వలయాన్ని చెడగొట్టేవి నాలుగు. మొదటిది నాగలి, ఇప్పుడు రోటావేటర్. రెండోది మొరం కోసం, బండ కోసం వచ్చే జేసీబీ. మూడోది నిధి ఉందని రాత్రిళ్లు తవ్వే ఆశపోతులు. అందులో ఉండేవి ఎముకలు, కుండపెంకులు, ఇనుప పనిముట్లు, బంగారం కాదు. నాలుగోది ఎవరూ అనుకోనిది: చెట్టు. పలకల సందులో వేరు దిగిందంటే లావెక్కేకొద్దీ బండను పగలదీస్తుంది. అలాంటి చోట్ల పొట్టిగా మేసిన గడ్డే మంచి కప్పు. మట్టిని పట్టుకుంటుంది, వానకు కోసుకుపోనివ్వదు, కంప పెరగనివ్వదు. మేసే ఆవు అక్కడ జీతం లేని కాపలాదారు.

ఇది నేను కనిపెట్టింది కాదు. ఇంగ్లండులో గ్లోస్టర్‌షైర్‌లో మించిన్‌హాంప్టన్ కామన్ అని ఊరి ఉమ్మడి మేత నేల ఉంది. దాని మీద పాత కాలపు మట్టి కట్టలు ఉన్నాయి. 1913 నుంచి నేషనల్ ట్రస్ట్ అనే సంస్థ చేతిలో ఉంది. అయినా ఊరివాళ్ల మేత హక్కు తీసేయలేదు. ఏటా మే నెలలో ఆవులను వదులుతారు, అవి మేయబట్టే కంప పెరగదు, అడవి పూలు పూస్తాయి, సీతాకోకచిలుకలు బతుకుతాయి, మట్టి కట్టలు కనబడుతూ ఉంటాయి. మనవాళ్లు గొడ్లను బయటికి తోలేసి కంచె వేయడమే రక్షణ అనుకుంటే, అక్కడ గొడ్లను లోపల ఉంచడమే రక్షణ. మా దుమ్ముగూడెం ఆనకట్ట పక్కన, తెల్లదొరలు గోదావరి మీద పడవలు నడపాలని తవ్వించి 1871లో పని ఆపేసిన ఆ పాత కాలువ గట్లను చూసినప్పుడు కూడా నాకు అదే గుర్తొస్తుంది. గట్టును పట్టుకుని ఉన్నది గడ్డే.

కానీ ఒక మాట. మేపు మంచిదని ఎంత మేపైనా మంచిది కాదు. ఏడాది పొడవునా, ఒకేచోట, ఊరందరి గొడ్లు పడితే తియ్యటి గడ్డి ముందు పోతుంది. గొడ్డు ముట్టనివి మిగులుతాయి: వయ్యారిభామ, లంటానా, సర్కారు తుమ్మ. ఈ సర్కారు తుమ్మ 1877లో కడప జిల్లా కమలాపురం ప్రాంతంలో నాటినప్పుడు వంటచెరకు కోసం మేలు చేస్తుందనే నాటారు. కాయలు గొడ్లు తింటాయి, పేడతో పాటు గింజ ఎక్కడపడితే అక్కడ పడుతుంది. అలుపు చెందిన బయల్లో అది ముందు మొలుస్తుంది. అందుకే 'మేపాలా, వద్దా' అన్నది తప్పు ప్రశ్న. ఎన్ని గొడ్లు, ఎన్ని రోజులు, ఎప్పుడు అన్నది లెక్క. ఆ లెక్క కట్టడం ఇప్పుడు చూద్దాం. డిప్లొమాలో మాకు నేర్పినది ఇది కొద్దిగానే, మిగతాది గొడ్లకాపరి తాత దగ్గర నేర్చుకున్నా.

మీ బయలు ఎన్ని ఆవులను మోస్తుంది?

వెదురు బద్దలతో మీటరు పొడవు, మీటరు వెడల్పు చట్రం కట్టండి. వానాకాలం చివర, గడ్డి కంకి వేసి గింజ పాలు పోసుకునే వేళ, బయల్లో పది చోట్ల ఆ చట్రం పడేయండి. కళ్లు మూసుకుని వెనక్కి విసరమని నేను పిల్లలకు చెప్తా, లేకపోతే మన చెయ్యి దుబ్బుగా ఉన్నచోటికే పోతుంది. చట్రం లోపలి గడ్డిని రెండంగుళాల మొదలు వదిలి కోయండి. గొడ్డు తినని మొక్కలు తీసేయండి. నీడలో గలగలమనేదాకా ఆరబెట్టి తూకం వేయండి. పది చోట్ల సగటు తీయండి.

అనుకుందాం, సగటు 200 గ్రాములు వచ్చింది. ఎకరానికి సుమారు 4,047 చదరపు మీటర్లు, కాబట్టి 800 కిలోల పైచిలుకు ఎండుగడ్డి. ఇందులో సగమే ఆవుది. మిగతా సగం వేరుది, విత్తనానిది, నేలను కప్పడానికి, పిట్టలకు, పురుగులకు. అంటే 400 కిలోలు. మన నాటు ఆవు 250 కిలోల బరువు అనుకుంటే రోజుకు ఎండు లెక్కన సుమారు 6 కిలోలు తింటుంది. 400ను 6తో భాగిస్తే 66 రోజులు. ఎకరం ఒక ఆవును రెండు నెలల చిల్లర మోస్తుంది, అంతే. నాలుగు నెలలు బయలు మీద మేపాలంటే ఆవుకు దాదాపు ఎకరం ముప్పావు కావాలి.

మా ఊరి బయలు నలభై ఎకరాలు. మేం కోసిన చోట సగటు 200 కంటే తక్కువే వచ్చింది, బండల వైపు మరీ పలచన. ఇరవై ఆవులకు నాలుగు నెలలు కూడా కష్టమే. మంద అంతకంటే చాలా పెద్దది. మిగతా కడుపు ఎలా నిండుతోంది? కోసిన వరి మళ్లు, అడవి అంచు, ఇంటి ఎండుగడ్డి. వరి కోత మిషన్‌తో చేసి గడ్డి కాల్చేస్తే ఆ భారమంతా బయలు మీద పడుతుంది. కాబట్టి వరిగడ్డి కాల్చకపోవడం కూడా బయలును కాపాడే పనే.

పచ్చిగా తూచి లెక్క కట్టకండి, నీటి బరువు మోసం చేస్తుంది. కరువు ఏడాదిలో తప్పకుండా మళ్లీ కొలవండి, నిజమైన లెక్క ఆ ఏడాదిదే.

నాలుగు ముక్కల పద్ధతి

మేం మొదలుపెట్టింది ఇది. బయలును గట్టు, వాగు, బాట హద్దులుగా నాలుగు ముక్కలు అనుకున్నాం. ముళ్లకంచె వేయలేదు, దానికి డబ్బూ లేదు, అవసరమూ లేదు. కాపరి మాట మీద నడుస్తోంది.

మృగశిర కార్తెలో తొలి వాన పడగానే గడ్డి చిగురు పెడుతుంది. అప్పుడు గొడ్లు ఎగబడతాయి, ఎండాకాలం అంతా ఆకలి మీద ఉన్నాయి కదా. కానీ ఆ చిగురు వేరులో దాచుకున్న బలంతో వచ్చింది. దాన్ని అప్పుడే కొరికేస్తే వేరు ఎండిపోతుంది. నెల, నెలన్నర ఆగాలి. ఆ నెలన్నరకు ఇంట్లో ఎండుగడ్డి మిగుల్చుకోవాలి, ఇదే అందరికీ కష్టమైన సంగతి. ఇక్కడే చాలా ఊళ్లలో పద్ధతి తప్పిపోతుంది.

తర్వాత మూడు ముక్కల్లో మార్చి మార్చి మేపుతాం, గడ్డి జానెడు మిగలగానే పక్క ముక్కకు. నాలుగో ముక్కను కార్తీకం దాకా ముట్టం. అక్కడ గడ్డి పండి గింజ రాలుతుంది. మరుసటి ఏడు ఇంకో ముక్కకు ఆ సెలవు. ఇలా నాలుగేళ్లకు ప్రతి ముక్కా ఒకసారి విత్తనం పోసుకుంటుంది. ఆ వదిలిన ముక్కలోనే నేల మీద గుడ్లు పెట్టే పిట్టలు బతుకుతాయి. మా దగ్గర బట్టమేక లేదు, ఎన్నడూ ఉందని పెద్దలూ చెప్పలేదు. కౌజులు, కంజులు, తీతువులు, భరత పక్షులు ఉన్నాయి. వాటికీ ఆ వానాకాలమే గుడ్ల కాలం. కుక్కలను ఆ ముక్కలోకి పోనివ్వకండి.

గింజ రాలాక ఆ ముక్క గడ్డిని కోసి వాము వేసుకుంటాం. నిప్పు మాత్రం పెట్టకండి. చిగురు త్వరగా వస్తుందని ఎండాకాలం తగలబెట్టే అలవాటు మా వైపు ఉంది. చిగురు వస్తుంది నిజమే, కానీ ఆ తొలి వానకు నేల మీద కప్పు ఉండదు, పైమట్టి వాగులో కలుస్తుంది. పక్కన అడవి ఉంటే ఇంకా ప్రమాదం.

సర్కారు తుమ్మ, లంటానా మొలకలను వానలో నేల మెత్తగా ఉన్నప్పుడు వేరుతో పీకాలి. పైన నరికితే పది కొమ్మలై లేస్తుంది. మేం ఇంటికొకరు చొప్పున శ్రావణంలో రెండు రోజులు చేశాం. జీవామృతానికి గుప్పెడు మట్టి కూడా ఆ సెలవు ముక్కలోంచే తెచ్చుకుంటాం. గుప్పెడే, బస్తాలు కాదు. రాళ్ల వలయం ఉన్న బయలైతే దాని దగ్గర నుంచి గుప్పెడు కూడా తీయకండి.

కాగితాల సంగతి

ముందు మీ బయలు ఎవరి నేలో తెలుసుకోండి. పాత పహాణీ నకలు తీయండి, భూభారతిలో ఇప్పుడు ఏమని ఉందో పక్కన పెట్టి చూడండి. రెండూ కలవకపోతే అదే మొదటి పని.

అటవీ భూమి అయితే 2006 అటవీ హక్కుల చట్టం ఉంది. పోడు పట్టాల కోసం వ్యక్తిగత హక్కు గురించి అందరికీ తెలుసు. అదే చట్టంలో ఊరుమ్మడి మేత హక్కు కూడా ఉందని చాలా గూడేల్లో తెలియదు. ఉమ్మడి హక్కులకు ఫారం 'బి', ఊరి అటవీ వనరును కాపాడుకుని నడుపుకునే హక్కుకు ఫారం 'సి'. గ్రామసభ తీర్మానంతో పెట్టాలి. మా దుమ్ముగూడెం మండలం షెడ్యూల్డు ప్రాంతం, 1996 పెసా చట్టం ప్రకారం గ్రామసభ మాటకు బరువుంది.

రెవెన్యూ పోరంబోకు అయితే 2011 జనవరి 28న సుప్రీంకోర్టు జగ్‌పాల్ సింగ్ కేసులో ఇచ్చిన తీర్పు చూపించండి. ఊరుమ్మడి నేలల ఆక్రమణలు తీయించి ఊరికి తిరిగి అప్పగించే ఏర్పాటు చేయమని అన్ని రాష్ట్రాలకూ చెప్పింది.

బయల్లో రక్షిత పురాతన కట్టడం ఉంటే, దాని చుట్టూ 100 మీటర్ల లోపు కొత్త కట్టడం, గని తవ్వకం నిషేధం. ఆ తర్వాత 200 మీటర్లకు అనుమతి కావాలి. 2010లో సవరించిన చట్టం ఇది. రక్షిత జాబితాలో లేని రాళ్ల వలయాలు కనబడితే ఫొటో తీసి, ఫోన్‌లో లొకేషన్ పెట్టుకుని, పంచాయతీలో రాయించి ఉంచండి. లొకేషన్‌ను మాత్రం ఫేస్‌బుక్‌లో పెట్టకండి, నిధి వేటగాళ్లు కూడా అది చూస్తారు.

తోట వేద్దామన్న వాళ్లతో నేను కొట్లాడటం లేదు. వాళ్లకు గొడ్లు లేవు, బయలు వల్ల వాళ్ల ఇంటికి వచ్చేది ఏమీ కనబడటం లేదు. వాళ్ల ప్రశ్న న్యాయమైనదే. రోళ్లపాడు రైతుకు పిట్ట వల్ల ఏమొచ్చింది అన్న ప్రశ్న లాంటిదే ఇదీ. అందుకే మేం ఒకటి అనుకున్నాం: బయలు మీద మేసే మంద పేడలో నా యూనిట్ కొనేదానికి కిలోకు ఇంత అని ఊరి ఖాతాలో వేస్తాను, గొడ్లు లేని ఇళ్లకు ఘన జీవామృతం సగం ధరకు ఇస్తాను. చాలుతుందో లేదో తెలియదు. ఇద్దరు ఇంకా తల ఊపలేదు.

ఐక్యరాజ్య సమితి 2026ను మేత నేలల, పశుకాపరుల సంవత్సరంగా ప్రకటించింది. ఆఫీసుల్లో మాట్లాడేటప్పుడు ఈ ముక్క పనికొస్తుంది, నేను వాడుకుంటున్నా.

గ్రామసభ వచ్చే నెల. చట్రం వేసి కోసిన పది కోతల బరువులు, ఎన్ని ఆవులకు ఎన్ని రోజులన్న లెక్క, నాలుగు ముక్కల పటం తెల్ల కాగితం మీద రాసి సర్పంచి చేతికి ఇచ్చాం. మీరూ ఈ వానాకాలం మీ బయల్లో చట్రం వేసి చూడండి. సగటు ఎంత వచ్చిందో, ఎర్ర నేలా నల్ల నేలా, ఏ గడ్డి ఎక్కువో వీడియో కింద రాయండి. ఆరబెట్టిన తర్వాత తూచిన బరువే రాయాలి.